కమీల్ నిలబడిన చిత్రాలు

నిలదొక్కుకోని చిత్రకారుడిని ప్రేమించడమంటే అతని అప్పుల్లోనూ, ఇంటివాళ్ల అయిష్టంలోనూ పాలు పంచుకోవడమే. 1866 పారిస్ సలోన్‌లో క్లాడ్ మోనే గీసిన ఆకుపచ్చ గౌను యువతి చిత్రానికి మంచి పేరొచ్చింది. ఆ యువతి కమీల్ దోంసియూ, వయసు 19. పేరు వచ్చినంత సులువుగా డబ్బు రాలేదు. తోటలోని స్త్రీలను చూపే పెద్ద చిత్రాన్ని మరుసటి ఏడాది సలోన్ తిప్పికొట్టింది. మోడళ్లకు కూలి ఇచ్చుకోలేని రోజులు. అందులో ఎక్కువ బొమ్మలకు కమీలే నిలబడింది. మిత్రుడు బజీల్ దాన్ని 2,500 ఫ్రాంకులకు కొన్నాడు, అదీ నెలకు 50 చొప్పున. అంటే నాలుగేళ్లకు పైబడిన వాయిదాలు!

ఆ వేసవిలో ఆమె నిండు నెలలతో పారిస్‌లో ఉంది. మోనే మాత్రం సముద్రతీరాన మేనత్త ఇంట్లో ఉన్నాడు. తండ్రికి ఈ సంబంధం గిట్టదు, ఆసరా మాత్రం ఆ ఇంటినుంచే రావాలి. ఆగస్టులో కొడుకు పుట్టాడు. పెళ్లి 1870లో జరిగింది.

1879 సెప్టెంబరులో, 32వ ఏట, కమీల్ వెతేయ్ గ్రామంలో కన్నుమూసింది. మరణశయ్య మీది ఆమె ముఖాన్నీ మోనే చిత్రించాడు. ప్రేమో, అలవాటో తేల్చడం కష్టం.