తీసిన బొమ్మ ఊరికీ చేరాలి

కరీంనగర్‌లో డాక్యుమెంటరీ కెమెరామన్‌నని చెబితే వెంటనే వచ్చే ప్రశ్న "పెండ్లిళ్లు తీస్తవా?" అని. తీస్తాను. నా లెన్సుల కిస్తీలు కట్టేది ఆ ముహూర్తాలే. తీరిక దొరికితే ఉట్నూరు, జైనూరు వైపు గోండు గూడేల దారి పడతాను.

అక్కడి దండారి పండుగలో గుస్సాడీ నాట్యాన్ని తీయడం వేరే విద్య. గుమేల వాద్యం మోగడం మొదలైతే "ఇంకోసారి చేయండి" అనే మాటే ఉండదు. నెమలి ఈకల టోపీ ఫ్రేమ్ దాటిపోతుంది కాబట్టి వైడ్ లెన్సుతో దగ్గరికి పోవాలి. అంత దగ్గరికి రానివ్వాలంటే ముందురోజే కెమెరా సంచిలో పెట్టి, పటేల్ ఇంటి ముందు కూర్చోవాలి. ఏది తీయకూడదో అక్కడే తెలుస్తుంది. ఏ ఫిల్మ్ స్కూలూ నేర్పని పాఠమిది.

ఈ గూడేలకు కెమెరా కొత్త కాదు. 1940లో జోడేఘాట్‌లో కుమురం భీం నేలకొరిగాక, నిజాం ప్రభుత్వం పంపగా వచ్చిన మానవశాస్త్రవేత్త హైమెన్‌డార్ఫ్ మార్లవాయిలో ఉండి గోండుల జీవితాన్ని కెమెరాకెక్కించాడు. ఆ సేకరణ లండన్‌లోని సోయస్ విశ్వవిద్యాలయంలో భద్రంగా ఉంది. మంచిదే, ఇక్కడుంటే చెదలు తినేవేమో! అదే మార్లవాయికి 2021లో పద్మశ్రీ తెచ్చిన గుస్సాడీ కనకరాజు 2024లో కన్నుమూశారు. ఆయన ఆటను ఎందరో తీశారు. ఆ రష్ ఫుటేజీ అంతా ఎవరి హార్డ్‌డిస్కుల్లో మూలుగుతోంది?

ఉట్నూరులోని గిరిజనాభివృద్ధి సంస్థ ఐటీడీఏ ఒక గది, ఒక ఆపరేటర్‌ను ఇవ్వాలి. గూడేల్లో షూటింగ్ చేసే ప్రతి బృందమూ ఎడిట్ చేయని రష్ కాపీ అక్కడ జమ చేయాలని నియమం పెట్టాలి. గది తెరిచిన రోజు నా డిస్కులు నేనే తెచ్చి ఇస్తాను.