పేరు ఖాయం చేసే ముందు అర్థం సరిచూద్దాం

తల్లిదండ్రులకు, ఇంటి పెద్దలకు, పేర్ల పుస్తకాలు వేసే ప్రచురణకర్తలకు విన్నపం

బారసాల దగ్గరపడితే ఇప్పుడు ఇంటిల్లిపాదీ ఫోన్లలో పేర్లు వెతుకుతున్నారు. నక్షత్రాన్ని బట్టి వచ్చిన అక్షరం కొడితే చాలు, పేర్లు బారులు తీరుతాయి. ప్రతి పేరు పక్కనా ‘సంస్కృతం’ అన్న ముద్ర, ఒక అందమైన అర్థం ఉంటాయి. ఆ అర్థం ఏ గ్రంథంలో ఉందో, ఏ ధాతువు నుంచి వచ్చిందో మాత్రం ఉండదు. బిడ్డ జీవితాంతం మోసే పేరును ఇలా ఆధారం అడక్కుండా ఒప్పుకోవడం తగదు. పేరు ఏ భాషది, ఎలా పుట్టింది, ఎక్కడ వాడారు అన్న మూడు సంగతులు తేల్చుకున్నాకే ఖాయం చేయాలని మా మనవి.

ఈ మధ్య బాగా వినబడుతున్న ‘రేయాంశ్’నే పరిశీలించండి. విష్ణువు అంశ అని కొందరు, సూర్యకిరణం అని కొందరు రాస్తున్నారు. ‘అంశ’ అంటే భాగం, అంతవరకు నిజమే. ‘రేయ’ అన్నది మాత్రం విష్ణు సహస్రనామాల్లో లేదు. కిరణానికి సంస్కృతంలో రశ్మి, మయూఖం, అంశువు వంటి మాటలున్నాయి. ‘రే’ ఇంగ్లీషు మాట. తెలుగులో రేయి అంటే రాత్రి. ‘శాన్వి’ లక్ష్మీదేవి పేరంటారు. సంస్కృత నిఘంటువు అమరకోశం లక్ష్మికి చెప్పిన పేర్లలో పద్మాలయ, కమల, ఇందిర, రమ, లోకమాత ఉన్నాయి గానీ శాన్వి లేదు. ‘కియారా’కు దగ్గరగా ఇటాలియన్‌లో ఉన్న పేరుకు వెలుగు అని, ఐరిష్‌లో ఉన్న పేరుకు నలుపు అని మూలార్థం. భాష చెప్పకుండా అర్థం ఒక్కటే చెబితే ఏది నమ్మాలి?

ఈ గందరగోళానికి కారణాలున్నాయి. హస్తా నక్షత్రానికి పూ, ష, ణ, ఠ అక్షరాలు వస్తాయి. ‘ణ’తో మొదలయ్యే మాటలు మన వాడుకలో లేవు. అయినా పేరు కావాలి కాబట్టి ఎవరో ఒకటి కల్పిస్తారు, దానికో అర్థం అతికిస్తారు, మిగతావారు ఎత్తి రాసుకుంటారు. పది చోట్ల ఒకే అర్థం కనబడటం పది సాక్ష్యాలు కాదు, ఒక్క తప్పుకు పది నకళ్లు కావచ్చు. పైగా పేర్లను ఇంగ్లీషు అక్షరాల్లో వెతకడం వల్ల బలం అనే అర్థమున్న ‘బల’, బాలిక అనే అర్థమున్న ‘బాల’ ఒకే స్పెల్లింగులో కలిసిపోతాయి. తెలుగులో అనిలుడు గాలి, అనలుడు నిప్పు; తేడా అంతా ఒక్క గుడిలో ఉంది.

పిలవడానికి బాగుంటే చాలదా, అర్థమెందుకు అని అడిగేవారున్నారు. చాలు, కొత్త పేరు కల్పించుకునే హక్కు తల్లిదండ్రులకు ఉంది. అయితే దాన్ని కొత్త పేరుగానే చెప్పాలి, లేని పురాణాన్ని తగిలించకూడదు. నిఘంటువులో లేనంత మాత్రాన తప్పా అన్నది న్యాయమైన ప్రశ్న. ఏ నిఘంటువూ భాషనంతా పట్టలేదు కాబట్టి, దొరకనప్పుడు ‘ఆధారం కనబడలేదు’ అని రాయడమే నిజాయితీ. ప్రతి పేరూ సంస్కృతం కావాలనీ మేము అనడం లేదు. అరబ్బీ పేరును అరబ్బీలో, హీబ్రూ పేరును హీబ్రూలో చూడాలి. ఎల్లమ్మ, పోలేరమ్మ వంటి మన ఊరి దేవతల పేర్ల గౌరవానికి సంస్కృత ముద్ర అక్కర్లేదు.

తీరిక లేదన్న మాటకూ జవాబుంది. 1969 నాటి జనన మరణాల నమోదు చట్టం ప్రకారం 21 రోజుల్లో జననాన్ని తెలియజేయాలి. పేరు లేకుండానే నమోదు చేయించవచ్చు. నమోదైన 12 నెలల్లోపు రుసుము లేకుండా పేరు చేర్పించవచ్చు. ఈలోగా పేరును తెలుగు లిపిలో రాసుకుని శబ్దరత్నాకరం అనే తెలుగు నిఘంటువులోనో, మోనియర్ విలియమ్స్ సంస్కృత నిఘంటువులోనో వెతకండి, భాషోపాధ్యాయుల్ని అడగండి. ప్రచురణకర్తలు ప్రతి పేరు పక్కన భాష, వ్యుత్పత్తి, ఆధారం అచ్చువేయాలి. విశ్వవిద్యాలయాల తెలుగు, సంస్కృత శాఖలు సరిచూసిన పేర్ల జాబితాను అందరికీ ఉచితంగా ఇవ్వాలి. అవి వచ్చేదాకా, ఆధారం చూపని పుస్తకాన్ని కొనకండి, ఆధారం లేని అర్థాన్ని పదిమందికీ పంచకండి.