ఫాత్మా బేగంను మరచినది ఎవరు?

ముస్లిం స్త్రీకి గొంతు లేదనీ, ఆ గొంతును తామే దయతో ప్రసాదించాలనీ చెప్పేవారు నేడు ఎక్కువయ్యారు. వారిని మేము ఒక్కటే అడుగుతున్నాము: ఈ దేశంలో సినిమాకు దర్శకత్వం వహించిన తొలి మహిళ ఎవరు?

ఫాత్మా బేగం. 1913లో దాదాసాహెబ్ ఫాల్కే 'రాజా హరిశ్చంద్ర' తీసినప్పుడు తారామతి పాత్రకు స్త్రీ దొరకక పురుషుడికే చీర కట్టవలసి వచ్చింది. పదేళ్లు తిరగకముందే, 1922లో, ఉర్దూ నాటకరంగం నుంచి వచ్చిన ఫాత్మా బేగం 'వీర్ అభిమన్యు'తో తెరకెక్కారు. 1926లో తన పేరనే చిత్రనిర్మాణ సంస్థను నెలకొల్పి, 'బుల్బులే పరిస్తాన్'కు దర్శకత్వం వహించారు. ఆమె కుమార్తె జుబేదా 1931లో తొలి భారతీయ టాకీ 'ఆలం ఆరా'కు కథానాయిక. ఆ చిత్రాన్ని తీసిన అర్దెషీర్ ఇరానీయే మన తొలి తెలుగు టాకీ 'భక్త ప్రహ్లాద'కు నిర్మాత. అంటే ఈ చరిత్ర మనకు దూరపుదేమీ కాదు.

'బుల్బులే పరిస్తాన్' ప్రతి నేడు ఎక్కడా లభించదు. మూకీల కాలపు ఫిలిం సులభంగా అంటుకునేది, త్వరగా పాడయ్యేది. ఆనాటి చిత్రాలలో అధికభాగం అలాగే నశించాయి. కానీ పేరు నశించడానికి అది ఫిలిం కాదు కదా! ఫాల్కే చిత్రాలలోనూ ఎన్నో పోయాయి, ఆయన పేరు మాత్రం దేశపు అత్యున్నత సినీ పురస్కారమై నిలిచింది. ఫాత్మా బేగం పేరు పోటీపరీక్షల పుస్తకంలో ఒక ప్రశ్నగా మిగిలింది. ఆమెను స్మరిస్తే, ముస్లిం స్త్రీ నోరులేనిదన్న కట్టుకథ నిలువదు. అందుకే ఈ మౌనం కొందరికి సౌకర్యంగా ఉంది.

అయితే నిందను పరులపై మాత్రమే మోపి చేతులు దులుపుకోవడం మాకు ఇష్టం లేదు. నాటకాలాడిన స్త్రీ కనుక ఆమె పేరెత్తడానికి మన పెద్దలూ సంకోచించారు. సినిమా తగునా తగదా అన్న విషయంలో మనలో భిన్నాభిప్రాయాలు ఉండవచ్చు, ఉండనివ్వండి. కానీ జరిగిన చరిత్రను దాచిపెట్టడం వేరు. మనమే దాచిన సాక్ష్యాన్ని ఎదుటివారు చూడలేదని వాపోవడంలో న్యాయమేముంది?

పాఠ్యపుస్తకాలలో ఫాత్మా బేగంకు చోటివ్వాలని ప్రభుత్వాలను డిమాండ్ చేద్దాము. అంతకుముందే మన ఇళ్లలో ఆమె పేరు చెబుదాము. రేపు మన బిడ్డ కెమెరా పట్టుకుంటానన్నప్పుడు, "మనలో ఇలాంటివి ఎవరు చేశారమ్మా?" అని ఆమె నోరు మూయించే హక్కు మనకు లేదు. చేసినవారు ఉన్నారు. అందరికంటే ముందే చేశారు.