కథ నెఱుగుదుము, కథకుని?

1947 జూలైలో మదరాసు నుండి వెలువడ నారంభించిన ‘చందమామ’ను తపాలా బంట్రోతు చేతినుండి లాగికొని, తోబుట్టువులతో పెనుగులాడి, అన్నింటికంటె ముందుగా ధారావాహిక యున్న పుటనే తెఱచిన బాలురు నేడు తాతలైనారు. ఖడ్గవర్మ జీవదత్తు లెవరని వారి నడిగినచో ‘యక్షపర్వతం’ కథను తడుముకొనక చెప్పెదరు. వ్రాసినవా రెవరని యడిగినచో పెక్కుమంది మౌనము వహింతురు.

అది వారి దోషము కాదు. 1954లో ‘తోకచుక్క’తో నారంభించి ‘మకరదేవత’, ‘రాకాసిలోయ’, ‘మాయాసరోవరం’ మున్నగు ధారావాహికల నేండ్ల తరబడి రచించిన దాసరి సుబ్రహ్మణ్యముగారి పేరు ఆ పుటలలో అచ్చుపడనే లేదు. 1952 మొదలు మరణపర్యంతము ఆ పత్రిక భాషను తీర్చిదిద్దిన కొడవటిగంటి కుటుంబరావుగారి పేరైనను సంపాదకస్థానమున కానరాదు.

పిల్లలకు కథయే కావలెను గాని కర్తతో నేమి పని యని కొందఱందురు. అవ్వ చెప్పిన కథకు సంతకమున్నదా యనియు నందురు. వినుటకు సొంపైన మాటయే. కాని అవ్వ కథ తరతరముల సొత్తు. ఈ కథలు మాత్రము ఒక్క మనుష్యుడు బల్లయొద్ద కూర్చుండి నెలనెలా కల్పించినవి. గత సంచిక దొరకని బాలునికై మొదట నాలుగు పంక్తులలో జరిగినది జ్ఞప్తికి దెచ్చి, మాంత్రికులను రాక్షసులను దాటించి, వీరుని సరిగా ఆపద యంచున నిలిపి ‘ఇంకా ఉంది’ అని ముగించుట, మరుసటి నెల పసివాడు నమ్మునట్టి యుపాయముతో వానిని గట్టెక్కించుట, అదియంతయు పదేండ్లవాని నోట తడబడని తేటమాటలలో నడపుట సామాన్యమైన విద్య కాదు. పెద్దలకొఱకు వ్రాసినచో ఇంతటి నేర్పునకు సన్మానములు జరిగెడివి. పిల్లలకొఱకు వ్రాసినందున పేరే దక్కలేదు.

2010లో సుబ్రహ్మణ్యముగారు దివంగతులైనారు. ఆ ధారావాహికలు ఆయన పేరుతో పుస్తకములుగా వెలువడుట సంతోషదాయకమే యైనను, అంతటితో మన ఋణము తీరదు. బాలల పుస్తకము దేనికైనను, పాఠ్యగ్రంథములోని చిన్నకథకైనను, రచయిత పేరును చిత్రకారుని పేరును ముఖపత్రముననే ముద్రించుట ప్రకాశకులు నియమముగా పాటింపవలెను. ఇక తాతలు చేయవలసిన పని మఱింత సులభము: ఈ రాత్రి మనుమని ప్రక్కన చేరి ‘తోకచుక్క’ తెఱచినపుడు, “అనగనగా” అనుటకు ముందు, “ఇది దాసరి సుబ్రహ్మణ్యముగారు వ్రాసినది రా” అని ఒక్కమాట చెప్పిన చాలును.