సిటీవాళ్లకి ఊరుండదా?

జనవరి వచ్చిందంటే ఆఫీసులో అందరిదీ ఒకటే ప్రశ్న. "పండక్కి ఊరెళ్లట్లేదా?" మాది హైదరాబాదే అంటే చాలు, అయ్యో పాపం అన్నట్టు చూస్తారు. పొలం గట్టు, చెరువు, తాతయ్యగారి ఇల్లు... చిన్ననాటి జ్ఞాపకాలంటే ఇవేనా? సిటీలో పెరిగినవాళ్లకి బాల్యం లేదా బాస్?

ఉంది. నాదైతే టెర్రస్ మీద ఉంది. 2000ల్లో దిల్‌సుఖ్‌నగర్ వైపు ఓ అద్దె ఇల్లు. నాలుగు పోర్షన్లు, అందరికీ కలిపి ఒకటే టెర్రస్. వడియాలు ఎండబెట్టేది, వేసవిలో కరెంటు పోతే చాపలు పరిచేది, పరీక్షల ముందు బట్టీ కొట్టేది అక్కడే. పోర్షన్లలో ఒకరిది నల్గొండ, ఒకరిది గుంటూరు, ఇంకొకరిది రాజస్థాన్. అందుకే పండక్కి సకినాలు, అరిసెలు, నువ్వుల లడ్డూలు ఒకే ప్లేటులో దొరికేవి.

ఇక పతంగులు! ధూల్‌పేట నుంచి తెచ్చుకునేవాళ్లం. చరక్ పట్టుకోవడం చిన్నపిల్లల డ్యూటీ. ఎవరిదైనా తెగిందా, చుట్టుపక్కల టెర్రస్‌లన్నీ కలిసి ఒకటే అరుపు... "అఫా!" రెండు బిల్డింగుల అవతల ఉండే అన్న పేరేంటో తెలీదు. నల్ల పతంగి లేచిందంటే మాత్రం, ఆయన వచ్చాడని తెలిసిపోయేది.

ఇప్పుడా ఇల్లు లేదు. దాని స్థానంలో ఐదంతస్తుల అపార్ట్‌మెంట్. ఊళ్లో అయితే కనీసం ఓ వేపచెట్టయినా మిగులుతుంది. మాకు చూపించుకోడానికి గోడ ముక్క కూడా లేదు.

అయినా నా బాధ ఇల్లు పోయినందుకు కాదు. ఇప్పుడు చాలా అపార్ట్‌మెంట్లలో టెర్రస్ తలుపుకి తాళం. కారణాలు లేకపోలేదు. పిట్టగోడ మీంచి పడిపోయే ప్రమాదం నిజమే. చైనా మాంజా పక్షుల రెక్కలే కాదు, బైక్ మీద వెళ్లేవాళ్ల మెడలూ కోస్తుంది. నేషనల్ గ్రీన్ ట్రిబ్యునల్ 2017లోనే దాన్ని దేశమంతా నిషేధించింది. కానీ ఆపాల్సింది ఆ మాంజాని కదా, పిల్లల్ని కాదు. పరేడ్ గ్రౌండ్స్‌కి తీసుకెళ్లి పతంగుల పండగ చూపిస్తున్నాం, బాగుంది. అది యూట్యూబ్‌లో ఎవరో ఆడే గేమ్ చూడటం లాంటిది. మనం ఆడినట్టు అవుతుందా?

అందుకే ఈ సంక్రాంతికి అసోసియేషన్ గ్రూపులో గుడ్ మార్నింగ్ ఫార్వర్డ్ బదులు ఓ మెసేజ్ పెట్టండి. "ఒక్కపూట టెర్రస్ తాళం ఇస్తారా? పెద్దవాళ్లం ఇద్దరం దగ్గరే ఉంటాం. గాజుపొడి లేని నూలు దారమే వాడతాం." కింద ఇంకో లైను: "మీ ఫ్లాట్‌లో పిల్లలుంటే వాళ్లనీ పంపండి."