మంగళాంతమునకు తరువాత

జపానులో 2013 అక్టోబరు 26వ తేదీన విడుదలయైన 'మడోకా మాజికా' మూడవ చలనచిత్రము 'రెబెలియన్' ప్రేక్షకులను రెండు పక్షములుగా చీల్చినది. ఆ చీలిక నేటికిని మానలేదు. దీని తరువాతి కథను కూడ చిత్రముగా తీయుచున్నట్లు 2021లో ప్రకటించిరి. బొమ్మల చిత్రమునకు ఇంత వివాదమేల యని పెద్దలు నవ్వవచ్చును. మా విద్యార్థులు నవ్వుట లేదు.

జపానులో మాయాశక్తి గల బాలికల కథలు 1966 నాటి 'మంత్రకత్తె శాలీ' మొదలు ఒక శాఖగా వర్ధిల్లినవి. వానిలో శక్తి వరము. గెన్ ఉరోబుచి రచించి, అకియుకి షింబో దర్శకత్వమున 2011లో టెలివిజనులో వచ్చిన 12 భాగముల కథలో ఆ వరమే ఋణపత్రమైనది. క్యూబే యను పిల్లివంటి జీవి బాలిక కోరిక నొకదానిని తీర్చి, ఆమె యాత్మను రత్నమున బంధించును. ఆ రత్నము నిరాశతో నల్లబడెనా, ఆమెయే మంత్రగత్తెగా మారును. ఈ విధి నెవ్వరును అనుభవింపరాదని మడోకా కోరుకొని, దేహము విడిచి లోకనియమముగా మారిపోవును. ఆమెను రక్షించుటకై ఒకే నెలను మరల మరల గడిపిన హోమురాకు మాత్రమే ఆమె జ్ఞాపకముండును. మొదటి కథ అంతటితో ముగిసినది.

'రెబెలియన్'లో తన్ను తీసికొనిపోవచ్చిన మడోకాను హోమురా పట్టి, ఆమె మానవాంశమును ఆ నియమమునుండి చీల్చివేయును. ఇది ప్రేమ యనును. తాను దయ్యమగుటకు వెనుదీయదు.

మడోకా త్యాగము వ్యర్థమైనదని, చీకటి కొరకే చీకటి పులిమిరని ఒక పక్షపు ఆక్షేపణ. ఇట్టి కలత మనకు క్రొత్త కాదు. పట్టాభిషేకముతో పుస్తకము మూయగోరువారికి ఉత్తరకాండ ఎన్నడును రుచింపలేదు. తిక్కన సైతము నిర్వచనోత్తర రామాయణమును రామనిర్యాణమునకు ముందే నిలిపెను. ఐనను నేను ఆ పక్షమున లేను. బీజము మొదటి కథలోనే కలదు. ఆ త్యాగమునకు హోమురా ఎన్నడు మనసార సమ్మతించినది?

నన్ను బాధించునది వేరొకటి. పూలతోట ఘట్టమున, పూర్వస్మృతి లేని మడోకా, అందరిని విడిచి దూరముగా పోవుట తనవలన కాదని చెప్పును. హోమురా దానినే ఆమె నిజమైన మనస్సని గ్రహించును. జరిగినదంతయు మరచిన పిల్ల మాట సమ్మతి యగునా? నీ మేలు కొరకే యని పిల్లల పక్షమున నిర్ణయించు మేము, తల్లిదండ్రులును ఉపాధ్యాయులును, ఈ ఘట్టమున తల దించుకొనవలసినదే.

చివర, నియమము ముఖ్యమా, కోరిక ముఖ్యమా యని హోమురా అడుగును. నియమమే యని మడోకా జంకుచు చెప్పును. అట్లైన ఒకనాడు నీవు నాకు శత్రువగుదువేమో యని పలికి, హోమురా తన తలనున్న ఎర్రని రిబ్బనును ఆమె జుట్టుకు ముడివేయును. అది నీకే అందమని చెప్పునప్పుడు ఆమె కన్నులు చెమర్చియుండును.