కెమెరా కంటే ముందు ఓర్పు

పిల్లలూ! పెద్దయ్యాక ఏమవుతారంటే డాక్టరనో, ఇంజనీరనో అంటారు. అడవి జంతువుల చిత్రాలు తీస్తానంటే ఇంట్లో నవ్వుతారు. నవ్వవలసిన పని కాదది.

తిమింగల సొర చేపలన్నిటిలోకీ పెద్దది. అయినా మనిషి జోలికి రాదు. గుజరాత్ తీరంలో దాన్ని నూనె కోసం, మాంసం కోసం చంపేవారు. మైక్ పాండే ఆ వేటను చిత్రించి 2000లో లోకానికి చూపారు. మరుసటి ఏడే, 2001లో, ప్రభుత్వం దాని వేటను నిషేధించింది. ఒక్క చిత్రం ఎంత పని చేసిందో చూశారా!

అయితే కెమెరా ఉంటే చాలదు. జంతువుల అలవాట్లు తెలియాలి. గంటలకొద్దీ కదలకుండా కూర్చునే ఓర్పుండాలి. గూడు చెదరగొట్టి తీసిన బొమ్మ నా దృష్టిలో సైన్సు కాదు. ముందు మీ పెరట్లోని పిట్టను రోజూ అరగంట గమనించి, చూసింది చూసినట్టు రాయండి. కెమెరా తర్వాత.